గంటకు యాభై ఐదు

సోమవారం పొద్దున ఏడింటికి, ఇంకా బెల్టు తిరగక ముందే, సూపర్‌వైజర్ మధుబాబు చేతిలో కాగితంతో మూడో బల్ల దగ్గరికి వచ్చాడు. పక్కకు పిలిచి చెప్పొచ్చు. పిలవలేదు.

"ఆంటీ, పోయిన వారం కూడా గంటకు నలభై నాలుగు పెట్టెలే. ఇది మూడో వారం."

తారాబాయి తలెత్తకుండా టేపు గన్‌లో కొత్త చుట్ట ఎక్కించుకుంటోంది. "ఔ సారూ" అంది.

"ఈ వారం యాభై ఐదు రాకపోతే ఇంక నేనేం చెయ్యలేను. మేనేజర్ క్రెగ్ గట్టిగా చెప్పేశాడు. శుక్రవారం కాగితమే ఆఖరు."

"మీరేం జేస్తరు సారూ. నా చెయ్యే సాగుతలేదు."

మధుబాబు చెడ్డవాడు కాదు. అదే వచ్చిన చిక్కు. చెడ్డవాడైతే నాలుగు తిట్టుకుని మనసు తేలిక చేసుకోవచ్చు. తెలుగువాళ్లు నలుగురూ ఒకచోట ఉంటే మాటామంతీ ఉంటుందని వాళ్లకు ఒక బల్ల ఇప్పించింది అతనే. ఆ కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి జేబులో దోపుకుని, తారాబాయి పనిచేసే వైపు చూడకుండా వెళ్లిపోయాడు.

ఆ బల్ల మీద వాళ్లు చేసేది తేనె సీసాల ప్యాకింగు. ఈ పరాయి దేశంలో, మనురేవా అనే పేట చివర ఒక పెద్ద రేకుల షెడ్డు, అందులో ఐదు బల్లలు, బల్లకు నలుగురు. అట్టపెట్టె విప్పాలి, అడుగున టేపు వెయ్యాలి, కాగితం నలిపి పరవాలి, మనుక పూల తేనె సీసాలు ఆరు దించాలి, పైన మళ్లీ కాగితం, మూత, టేపు. చివరికి ఎడమ మూలన ఎవరి నంబరు స్టిక్కరు వాళ్లు అంటించి ట్రాలీలోకి తోసెయ్యాలి. ట్రాలీ నిండితే మధుబాబు తీసుకెళ్లి బెల్టు మీద పోస్తాడు. బెల్టు చివరనున్న స్కానరు కన్ను స్టిక్కర్లు చదివి ఎవరివెన్నో లెక్క వేసుకుంటుంది. స్టిక్కరు చుట్టలు బల్ల వెనక కొక్కేలకు వేలాడుతుంటాయి. పైన ఒక బోర్డు: మీ స్టిక్కరు మీరే వాడాలి, లేకపోతే ఉద్యోగం పోతుంది.

తారాబాయికి యాభై ఎనిమిదేళ్లు. కామారెడ్డి మనిషి. ప్రతి సీసానూ నడుముకు దోపుకున్న గుడ్డతో తుడిచిగానీ పెట్టెలో దించదు. చెప్పి చూశారు. "తినే వస్తువు బిడ్డా" అంటుంది. ఆమె కట్టిన పెట్టెలో సీసా పగిలిందని ఇంతవరకూ ఎక్కడినుంచీ ఫిర్యాదు రాలేదు. అయితే పగలని సీసాలకు ఆ కాగితంలో గడి లేదు. ఈమధ్య కుడి బొటనవేలు కీలు వాచి టేపు గన్ పట్టు చిక్కడం లేదు. భర్త పోయాడు. దగ్గర్లోని పాపటోయిటోయి పేటలో ఒక గది యూనిట్లో ఒంటరిగా ఉంటుంది. పెన్షన్ రావడానికి ఇంకా ఏడేళ్లుంది. ఈ పని పోతే ఆ వయసులో, ఆ వేలితో, ఇంకెవరూ పిలిచి పని ఇవ్వరు. ఆ సంగతి బల్ల దగ్గర నలుగురికీ తెలుసు.

ఎదురుగా నిలబడ్డ ఆశాజ్యోతికి ఒళ్లు మండింది. నరసరావుపేట నుంచి వచ్చి పామర్‌స్టన్ నార్త్‌లో ఎకనామిక్స్ పీజీ చేసిన పిల్ల. డిగ్రీకి తగ్గ పని దొరికేదాకా అని ఇక్కడ చేరి రెండేళ్లయింది. చదువు వల్ల ఉద్యోగం రాలేదుగానీ ఒక జబ్బు మాత్రం వచ్చింది. ఎవరు ఏం చేసినా దాన్నొక ఆటగా చూడటం, ఎవరి చేతిలో ఏ ఎత్తు ఉందో లెక్కవెయ్యటం. అలా లెక్కవేసుకునేవాళ్లు అందరూ తమలాగే లెక్కవేస్తారనుకుంటారు.

మూడో బల్ల ఆట ఆమెకు చేరిన రోజే అర్థమైంది. అవతలి పక్కన నిలబడే లోకేశ్, నంద్యాల కుర్రాడు, టేపు వెయ్యటం నేర్పిస్తూ చెవిలో చెప్పాడు: "చూడు మేడం, యాభై ఐదు దాటొద్దు. నీకు చేతనైనా దాటొద్దు. నువ్వు అరవై చేస్తివనుకో, రేపు అందరికీ అరవై అంటారు. ఎల్లుండి అరవై ఐదు." అందుకే గంటలో చివరి పది నిమిషాలు ఐదు బల్లల దగ్గరా చేతులు నెమ్మదిస్తాయి. ఫిలిప్పీన్స్ ఆడవాళ్లు జుట్టు సరిచేసుకుంటారు. సమోవా పెద్దాయన టేపు గన్ విప్పి మళ్లీ బిగిస్తాడు. ఎవరూ ఎవరితోనూ ఒప్పందం రాసుకోలేదు. ఒకరినొకరు చూసుకుంటూ నడిచిపోతున్న కట్టుబాటు. క్లాసులో ప్రొఫెసర్ బోర్డు నిండా రాసినా ఇంత బాగా అర్థం కాలేదు.

అంటే ఈ బల్ల దగ్గర ముగ్గురికీ గంటకు పది పెట్టెలు కట్టే ఓపిక మిగిలే ఉంది. తారాబాయికి తక్కువైంది పదకొండు. ఓ పది దొరికితే, పదకొండోది ఆమే ఎలాగో కడుతుంది.

ఆ లెక్క తేలగానే ఆశాజ్యోతి కీర్తన వైపు, లోకేశ్ వైపు చూసింది. కీర్తన రాజమండ్రి పిల్ల. ఇద్దరిదీ ఒకే ఫ్లాటు, ఒకే వంట. అడిగితే? అడగకూడదనుకుంది. వేరేవాళ్ల స్టిక్కరు అంటించడం అంటే ఉద్యోగంతో చెలగాటం. ముగ్గురి వీసాల మీదా ఈ కంపెనీ పేరే ఉంది. క్లాసులో ఒకసారి అందరికీ తలా పది బిళ్లలిచ్చి ఉమ్మడి కుండలో ఎంత వేస్తారో వెయ్యమంటే, మొదటిసారి సగం వేసినవాళ్లు ఐదోసారికి చెయ్యి ముడిచేశారు. మనుషులింతే అని ఆమె అప్పుడే తేల్చేసుకుంది. వీళ్లు చెయ్యరు. చెయ్యకపోగా, తెలిస్తే రేపు ఎవరి నోటినుంచి జారుతుందో. తనొక్కతే చెయ్యాలి, మూడో కంటికి తెలియకుండా చెయ్యాలి.

గుడ్డకోసం వంగినట్టు వంగి తారాబాయి చుట్టలోంచి జానెడు ముక్క చింపి, యాప్రాన్ లోపలి జేబులో పెట్టుకుంది. మొదటి స్టిక్కరు తొందరలో వంకరగా పడింది. బొటనవేలితో రుద్ది ట్రాలీలో అడుగుకు తోసింది. ఆరో పెట్టెకల్లా చెయ్యి అలవాటు పడింది. యాభై ఐదు తనవి, పది ఆంటీవి. మధ్యాహ్నానికి నడుం పట్టేసిందిగానీ, మనసు మాత్రం ఎన్నడూ లేనంత హాయిగా ఉంది.

మంగళవారం ఆ హాయి కొంచెం చెడింది. గంటలో చివరి పది నిమిషాలు కూడా కీర్తన చేతులు ఆగడంలేదు. లోకేశ్ సంగతి సరేసరి, పళ్లు బిగబట్టి గానుగెద్దులా తిరుగుతున్నాడు. ఆశాజ్యోతి ఓరకంట చూసింది. ఓహో, ఇదా సంగతి! ఆంటీ పోతే ఆ ఖాళీలో మంచిపేరు కొట్టేద్దామని ఇద్దరూ రేటు పెంచుతున్నారన్నమాట. రెండేళ్ల కట్టుబాటును రెండు రోజుల్లో గంగలో కలుపుతున్నారు.

ఆ సాయంత్రం ఫ్లాటులో పప్పు పొయ్యి మీద పొంగినా ఇద్దరూ కదలలేదు. చివరికి కీర్తనే లేచి మంట తగ్గించింది.

"ఏవిటే, మొహం అలా పెట్టావ్?" అంది.

"ఏం లేదు. కొందరికి ఈమధ్య చేతులు బాగా ఆడుతున్నాయిగా, చూసి ముచ్చటేసింది."

"అయ్ బాబోయ్, నువ్వా చెప్పేది? నీ చేతులు నేను చూళ్లేదనుకున్నావేంటి?"

ఇద్దరూ పప్పన్నం ఎవరి కంచంలో వాళ్లు వేసుకుని ఎవరి గదిలో వాళ్లు తిన్నారు. రెండు రోజులు మాటలు లేవు. గురువారం స్మోకోలో, అంటే పది గంటల టీ విరామంలో, తారాబాయి డబ్బా విప్పి జొన్నరొట్టె మూడు ముక్కలు చేసి ముగ్గురి ముందూ పెట్టింది. తనకు మిగల్లేదు.

"మీరు తినరేంటి ఆంటీ?"

"ఇయ్యాల ఆకలిగాలే బిడ్డా. తినుండ్రి. మస్తు పని జేస్తున్నరు" అంది. కళ్లు తుడుచుకుంది. రొట్టెకు రాసిన పచ్చిమిరప కారం అని ఆశాజ్యోతి అనుకుంది.

శుక్రవారం మూడున్నరకు మధుబాబు కాగితం తెచ్చి బోర్డుకు గుచ్చాడు. గుచ్చి, ఒక అడుగు వెనక్కు వేసి, తనే మళ్లీ చదువుకున్నాడు.

మూడో బల్ల. ఆశాజ్యోతి, యాభై ఐదు. కీర్తన, యాభై ఐదు. లోకేశ్, యాభై ఐదు. తారాబాయి, డెబ్భై నాలుగు.

ఆశాజ్యోతికి ముందు అర్థం కాలేదు. తర్వాత వేళ్ల మీద లెక్క వేసింది. నలభై నాలుగుకి తన పది కలిపితే యాభై నాలుగు. ఇంకో పది. ఇంకో పది. తల తిప్పి చూస్తే కీర్తన ఆమెనే చూస్తోంది. లోకేశ్ ఇద్దరినీ చూస్తున్నాడు. ఐదు రోజులు పక్కపక్కన నిలబడి, ఒకే పాపం చేస్తూ, ఒకరినొకరు దొంగల్లా చూసుకున్నారు. ఒక్క మాట అడిగి ఉంటే తలా నాలుగు వేసుకుని సరిపెట్టేవాళ్లు.

ఈలోగా మేనేజర్ క్రెగ్ మెట్లు దిగి వచ్చాడు. పొడుగ్గా, ఎర్రగా, ఎప్పుడూ నవ్వు మొహంతో ఉండే మనిషి. తారాబాయి చెయ్యి పట్టుకుని ఊపేశాడు. ఆమె వాచిన బొటనవేలు అతని పిడికిట్లో నలిగింది. ఆమె నవ్వింది, నవ్వకపోతే బాగుండదు కదా.

"చూశారా?" అన్నాడు క్రెగ్, ఐదు బల్లలవాళ్లనూ దగ్గరికి పిలిచి. "యాభై ఎనిమిదేళ్లు! ఉద్యోగం పోతుందని చెప్పిన వారంలోనే డెబ్భై నాలుగు! మనసుంటే మార్గముంటుంది. ఈ కుర్రవాళ్లేమో సరిగ్గా గీత మీద, యాభై ఐదు దగ్గర పడుకున్నారు." అందరూ నవ్వారు. "నేను డెబ్భై అడగను. సోమవారం నుంచి అందరికీ అరవై ఐదు. సోమవారం పొద్దున తారా ముందు బల్ల మీద ఒక గంట ప్యాకింగు చేస్తుంది. వీడియో తీద్దాం. చూసి నేర్చుకోండి."

ఫిలిప్పీన్స్ ఆడవాళ్ల నవ్వు ఆగిపోయింది. సమోవా పెద్దాయన తారాబాయిని ఒక్కసారి ఎగాదిగా చూసి, చేతిగ్లవ్స్ తీసి బల్ల మీద పడేశాడు. ఆయనకూ అరవై దగ్గర పడుతున్నాయి.

కారు పార్కులో లోకేశ్ పాత కారు పక్కన ముగ్గురూ నిలబడ్డారు. సన్నగా జల్లు పడుతోంది. ఎవరూ లోపల ఎక్కలేదు.

"నువ్వెన్ని?" అంది కీర్తన.

"పది" అంది ఆశాజ్యోతి.

"నేనూ పదేనే. నువ్వు?"

లోకేశ్ పది వేళ్లూ చూపించాడు. "ఎవురికీ చెప్పకుండా చేస్తే పుణ్యమంటారు గదా. మా నాయన ఎప్పుడూ అంటుంటాడు. పుణ్యం యాడికి పోయిందో చూడండి."

"సోమవారం ఆవిడ కెమెరా ముందు నలభై నాలుగు కడుతుంది. అప్పుడు అన్నీ తవ్వుతారు" అంది కీర్తన. "ఎవరో ఒకరు ముందే వెళ్లి చెప్పెయ్యాలండి."

"చెప్పాల" అన్నాడు లోకేశ్.

"చెప్పాలి" అంది ఆశాజ్యోతి.

ఎవరి వీసా లెక్క వాళ్లు వేసుకున్నారు. కీర్తన రెసిడెన్సీ ఫైలు ఇమిగ్రేషన్ వాళ్ల దగ్గరుంది, ఏ రోజైనా తేలొచ్చు. లోకేశ్ భార్యకు వీసా వచ్చింది, వచ్చే నెలలో విమానం. ఆశాజ్యోతి వీసా మార్చిలో రెన్యూ కావాలి. ముగ్గురిలో ఎవరు నోరు విప్పినా మిగతా ఇద్దరి పేర్లూ బయటికొస్తాయి, పెట్టెల లెక్కే చెప్పేస్తుంది. ఎవరో ఒకరు ముందుకొస్తే అందరూ గట్టెక్కే ఆట ఇది. ముగ్గురూ మిగతావాళ్ల వైపే చూస్తున్నారు.

ఆశాజ్యోతి బుర్ర ఊరుకోలేదు. దానికి అలవాటైన పని అది చేసుకుపోయింది. ఇలాంటి ఆటలో ఎవరికి తక్కువ నష్టమో వాళ్లే ముందుకు రావాలి. ఎవరికి? తారాబాయి ఇరవై ఏళ్ల కిందట వచ్చిన మనిషి. రెసిడెంటు. ఆమెను ఎవరూ విమానం ఎక్కించలేరు. తనే ఏదో తప్పు చేశానని చెబితే ఉద్యోగం పోతుంది, అంతే. అది ఎలాగూ పోవాల్సిందే. రెండు నిమిషాల్లో జవాబు తేలింది. తేలినందుకు సిగ్గేసింది. అయినా ఆ ఆలోచనను బయటికి తోసెయ్యలేదు. ఎవరికీ చెప్పనూ లేదు.

"సోమవారం లోపు ఏదో ఒకటి ఆలోచిద్దాం" అంది.

ఆదివారం మధ్యాహ్నం ఒంటరిగా పాపటోయిటోయి బయల్దేరింది. ఆంటీకి జరిగింది చెప్పాలి, క్షమించమని అడగాలి, సోమవారం తనే క్రెగ్ దగ్గరికి వెళ్తానని చెప్పాలి. వీధి మలుపు తిరిగేసరికి యూనిట్లు కనిపించాయి. మూడో గుమ్మంలో తారాబాయి స్టూలు మీద కూర్చుని, బొటనవేలికి గుడ్డ చుట్టుకుంటోంది. ఒక కొస పళ్లతో పట్టి లాగి ముడి వేసింది. తర్వాత ఒళ్లో పెట్టుకున్న ఖాళీ సబ్బుపెట్టెను మూసింది, తెరిచింది, మళ్లీ మూసింది. రేపటి వీడియో కోసం చేతిని సాధకం చేస్తోంది.

ఆశాజ్యోతి కరివేపాకు కొనాల్సిన మనిషిలా వెనక్కు తిరిగి ఇండియన్ షాపులోకి దూరింది. కరివేపాకు కొనుక్కుని బస్సెక్కి ఇంటికి వచ్చేసింది.

సోమవారం ఏడు గంటలకు ముందు బల్ల తుడిచి సిద్ధం చేశారు. ఎవరో ఫోనును స్టాండుకు బిగించారు. తారాబాయి యాప్రాన్ కట్టుకోలేదు. నేరుగా మధుబాబు దగ్గరికి వెళ్లి ఏదో చెప్పింది. అతను తల అడ్డంగా ఊపాడు. ఆమె మళ్లీ చెప్పింది. మధుబాబు ముగ్గురి వైపూ ఒక చూపు చూశాడు. అంతా తెలిసిన చూపు. తర్వాత ఆమెను వెంటబెట్టుకుని క్రెగ్ ఆఫీసు మెట్లెక్కాడు. తలుపు మూసుకుంది.

ఆశాజ్యోతి చేతిలో పెట్టె సగం విప్పి ఉంది. పైకి వెళ్లడానికి పన్నెండు మెట్లు. ఇప్పుడు వెళ్తే సరిపోతుంది అనుకుంది. ఈ పెట్టె కట్టేసి వెళ్తా అనుకుంది. అది కట్టాక ఇంకోటి అందుకుంది. కీర్తన కళ్లనుంచి నీళ్లు టేపు మీద పడుతున్నాయి, అయినా చేతులు ఆగడంలేదు. లోకేశ్ ఒకసారి గ్లవ్స్ తీశాడు, మళ్లీ తొడుక్కున్నాడు.

స్మోకోకు క్రెగ్ పెద్ద అట్టపెట్టెలో వేడివేడి సాసేజ్ రోల్స్, శాకాహారులకు కూరగాయలు కూరి కాల్చిన పైలు తెప్పించాడు. అందరూ గుమిగూడాక గొంతు సవరించుకున్నాడు. నవ్వు లేదు.

"నేను మీకు క్షమాపణ చెప్పాలి" అన్నాడు, సూటిగా మూడో బల్లవాళ్లను చూస్తూ. "తారా, ట్రాలీలో ఉన్న మీ పెట్టెల మీద తన స్టిక్కర్లు అంటించుకుందట. మీ స్టిక్కర్ల మీదే. తనే వచ్చి ఒప్పుకుంది, కాబట్టి గొడవ చెయ్యకుండా రాజీనామా తీసుకున్నాను. గంటకు ముప్ఫై పెట్టెలు! అదీ ముగ్గురి దగ్గరా సమానంగా, తలా పది. మీ కష్టం అది. నేనేమో శుక్రవారం మిమ్మల్ని అందరి ముందూ ఎగతాళి చేశాను."

మధుబాబు నేల చూపులు చూస్తున్నాడు.

"అయితే ఒక మంచి విషయం బయటపడింది" అన్నాడు క్రెగ్. "మీరు ముగ్గురూ చేస్తున్నది యాభై ఐదు కాదు, అరవై ఐదు. మీకే తెలియలేదు! కాబట్టి అరవై ఐదు అసాధ్యమేమీ కాదని రుజువైంది. అందరికీ అదే ఉంచుతున్నాను. ఈ ముగ్గురికీ చప్పట్లు కొట్టండి."

చప్పట్లు కొట్టారు. సమోవా పెద్దాయన కొట్టలేదు. క్రెగ్ కాగితపు ప్లేటులో కూరగాయల పై ఒకటి పెట్టి ఆశాజ్యోతి చేతికిచ్చాడు. "థాంక్యూ" అంది. నోట్లో పెట్టుకుంది. నీళ్లు తాగి మింగింది.

ప్లేటు పారెయ్యడానికి ఫ్రిజ్ పక్కకు వెళ్తే, ఎవరో తెరిచిన తలుపులోంచి తారాబాయి అన్నం డబ్బా కనిపించింది. ఎత్తిన రేకు తలుపులోంచి రోడ్డు అవతల బస్టాపు కనిపిస్తోంది. రాజీనామా కాగితాలు అయ్యేసరికి ఇంతసేపు పట్టినట్టుంది, బెంచీ మీద ఆమె ఇంకా కూర్చుని ఉంది. ఆశాజ్యోతి డబ్బా తీసుకుని వానలో పరుగెత్తింది.

"అయ్యో, మర్సిపోయిన సూడు" అంది తారాబాయి డబ్బా అందుకుంటూ. "వానల ఎందుకొచ్చినవ్ బిడ్డా?"

"ఆంటీ, మీరెందుకు..." అంది.

"ఊకో. మంగళారమే ఎర్కైంది నాకు. నా చుట్ట అంత జల్ది ఎట్ల ఒడుస్తది? సూసిన. ముగ్గురు బిడ్డలు ఒకలికి తెల్వకుంట ఒకలు నాకోసం దాసి దాసి పెడుతుండ్రి. ఆపుండ్రి అననీకి నాకు నోరు రాలే. నా జన్మల నాకెవ్వలు గట్ల చెయ్యలే." వాచిన వేలిని రెండో చేత్తో పట్టుకుంది. "నాదే తప్పు. అప్పుడే ఆపుమంటే గింత దూరం రాకపోవు. పోనియ్. రేటు మల్ల యాభై ఐదు జేసిండా ఆయన?"

ఆశాజ్యోతి షెడ్డు వైపు చూసింది. "చేశాడు ఆంటీ" అంది.

"గదే గావాలె. ఆ ముసలాయన పాపం, శుక్రారం నన్ను ఎట్ల సూసిండో." తారాబాయి ఊపిరి పీల్చుకుంది. బస్సు మలుపు దగ్గర కనిపించింది. లేచి నిలబడి సంచి సర్దుకుంది. "మీ మొకాలు సూస్తే భయమేసింది బిడ్డా. యాడ మీల ఎవలన్న వొయ్యి చెప్తరో అని. మీరు జెప్తే వీసా వోతది, ఇంటికి తోలిస్తరు. నాకైతే నౌకరే వోతది, గంతే గదా. గింత సదువులు సదివిన్రు, గీ చిన్న లెక్క మీకెవ్వలికి తట్టలేదా?"

బస్సు వచ్చి ఆగింది. తలుపు తెరుచుకుంది. తారాబాయి జవాబు కోసం ఒక కాలు మెట్టు మీద పెట్టి ఆగింది.

"తట్టలేదాంటీ" అంది ఆశాజ్యోతి.